పెంటయ్య ఎందుకు బతికాడు?

నా సర్టిఫికెట్లలో పేరు ప్రసాద్. ఉద్యోగంలో, బ్యాంకు పాసుపుస్తకంలో, మన సంఘం సభ్యత్వ రశీదులో కూడా అదే పేరు. కాని మా ఊరెళ్ళి ప్రసాద్ ఇల్లు ఎక్కడని అడిగితే ఎవరూ చెప్పలేరు. పెంటయ్య మాస్టారి ఇల్లు అనాలి. అప్పుడు చిన్న పిల్లవాడు కూడా చెయ్యి పట్టుకుని తీసుకొస్తాడు.

పదో తరగతి పరీక్షకు దరఖాస్తు నింపేటప్పుడు మా హెడ్మాస్టారు నా పేరు చూసి జాలిపడ్డారు. "ఈ పేరుతో కాలేజీకి వెళితే పిల్లలు బతకనివ్వర్రా" అని ఆయనే ప్రసాద్ అని రాశారు. 1973 సంగతి. అప్పుడు చాలా సంతోషించాను. హేతువాదినయ్యాక ఆలోచిస్తే నవ్వొచ్చింది. పెంట అంటే పశువు విడిచింది. ప్రసాదం అంటే దేవుడు విడిచింది. మాస్టారు నన్ను ఒక చోటి నుంచి తీసి ఇంకో చోట పెట్టారు, అంతే.

ఈ మధ్య ఒక యువ మిత్రుడు అడిగాడు. "మూఢనమ్మకాల మీద ఇన్నేళ్ళు పోరాడారు కదా, ఊళ్ళో ఇంకా ఆ మూఢనమ్మకం పేరుతోనే పిలిపించుకుంటున్నారేం?" అని. మంచి ప్రశ్నే. నోటితో రెండు ముక్కల్లో చెప్పలేకపోయాను. అందుకే రాస్తున్నాను.

మాది బొబ్బిలి దగ్గర ఒక పల్లె. అప్పట్లో శ్రీకాకుళం జిల్లా, 1979 నుంచి విజయనగరం జిల్లా. మా అమ్మకు మొదటి కాన్పు 1951లో. మగపిల్లవాడు. ఎనిమిదో రోజున పోయాడు. 1953లో మా అక్క పుట్టింది, బతికింది. 1955లో మళ్ళీ మగపిల్లవాడు, ఏడో రోజున పోయాడు. 1958లో నేను.

నేను పుట్టిన మూడో రోజు తెల్లవారకముందే మా మామ్మ నన్ను చేటలో పడుకోబెట్టుకుని పెరట్లో పెంటకుప్ప దగ్గరకు వెళ్ళింది. చేటను కుప్ప మీద పెట్టి, వెనక్కి చూడకుండా వచ్చేసింది. ముందే మాట్లాడుకున్న ప్రకారం పక్కింటావిడ వచ్చి "ఎవరో పిల్లోణ్ణి పెంట మీద పారేసినారు" అని కేకలు పెట్టి నన్ను ఎత్తుకుంది. మామ్మ ఆవిడకు ఒక చేటెడు తవుడు ఇచ్చి నన్ను కొనుక్కుంది. ఆ రోజు నుంచి నేను మా అమ్మ కన్న కొడుకును కాదు. పెంట మీద దొరికినవాణ్ణి. పేరు పెంటయ్య.

ఇది మా ఒక్క ఇంటి విడ్డూరం కాదు. మా వైపు పెంటయ్యలు, పెంటమ్మలు ఊరికి పదిమంది ఉండేవారు. తవిటయ్య, తవిటమ్మ, తవిటినాయుడు అనే పేర్లన్నీ తవుడు ఇచ్చి కొన్న పిల్లల పేర్లే. తెలంగాణలో భిక్షమయ్య, భిక్షపతి, బిచ్చమ్మ ఉన్నారు. బిచ్చమెత్తి తెచ్చుకున్న పిల్లలన్నమాట. పుల్లయ్యను ఎంగిలి విస్తరాకు మీద, అంటే పుల్లాకు మీద దొర్లించారని పెద్దలు చెబుతారు.

తెలుగు దేశం దాటితే మాటలు మారతాయి గాని పద్ధతి మారదు. తమిళంలో కుప్పై అంటే చెత్త. కుప్పుస్వామి, కుప్పమ్మ అక్కడి పెంటయ్య, పెంటమ్మలు. మరాఠీలో కచరూ అంటే చెత్త, ధోండు అంటే రాయి. హిందీ పల్లెల్లో ఘూరేలాల్ ఉన్నాడు. ఘూరా అంటే అచ్చంగా పెంటకుప్పే. బెంగాల్లో తీన్‌కడి, పాంచ్‌కడి అనే పేర్లున్నాయి. మూడు గవ్వలకు, ఐదు గవ్వలకు మంత్రసానికి అమ్మి, తిరిగి తెచ్చుకున్న పిల్లలు వాళ్ళు. గాంధీని చంపిన గాడ్సే అసలు పేరు రామచంద్ర. అంతకు ముందు పుట్టిన మగపిల్లలు దక్కలేదని అతన్ని ఆడపిల్లలా పెంచి ముక్కుకు నత్తు పెట్టారు. ఆ నత్తు వల్లే నాథూరాం అయ్యాడు. చైనా పల్లెల్లో గౌషెంగ్ అనే పేరుంది. కుక్క తినగా మిగిలినవాడు అని అర్థం. పంజాబు గ్రామస్థుల పేర్ల మీద రిచర్డ్ టెంపుల్ అనే ఇంగ్లీషు అధికారి 1883లోనే ఒక పుస్తకం రాశాడు. ఇలాంటి పేర్లు అందులోనూ ఉన్నాయి.

ఇన్ని చోట్ల ఒకే ఆలోచన నిలిచిందంటే కారణం ఒకటే. ఇన్ని చోట్లా పిల్లలు చచ్చిపోయేవారు. తల్లులు ఒకేలా భయపడేవారు.

ఆ ఆలోచన కూడా తెలివితక్కువదేం కాదు. దాని లెక్క దానికుంది. మంచి పిల్లవాడి మీద దిష్టి పడుతుంది. దయ్యానికి, గ్రహానికి, అమ్మవారికి ముద్దొచ్చే పిల్లలే కావాలి. కాబట్టి ఈ పిల్లవాడు ఎవరికీ అక్కర్లేనివాడని వాటిని నమ్మించాలి. మొదటి మాటను ఒప్పుకుంటే మిగతాదంతా ఇంజనీరు వేసిన పథకంలా ఉంటుంది. తప్పంతా మొదటి మాటలోనే ఉంది.

ఒక మిత్రుడు దీనికి అభ్యంతరం చెప్పాడు. "ఇదంతా దిష్టి కాదు, కులం. కింది కులాల వాళ్ళకు నీచమైన పేర్లే ఉండాలని మనువు రాశాడు" అన్నాడు. నిజమే, మనుస్మృతి రెండో అధ్యాయంలో ఆ నియమం ఉంది. బ్రాహ్మణుడి పేరు శుభాన్ని, క్షత్రియుడి పేరు బలాన్ని, వైశ్యుడి పేరు ధనాన్ని, శూద్రుడి పేరు హీనతను తెలపాలట. మంచి పేరు పెట్టుకుంటే దెబ్బలు తిన్న మనుషులు మన దేశంలో ఉన్నారు. ఆ చరిత్రను మరచిపోకూడదు. కాని ఈ రెండింటినీ కలిపేయకూడదు. మనువు చెప్పినది పైవాడు కిందివాడికి అంటించే పేరు. మా మామ్మ పెట్టినది ప్రాణం మీద తీపితో సొంత మనవడికి పెట్టుకున్న పేరు.

ఆడపిల్లల విషయంలో మాత్రం వేరే సంగతి ఉంది. మహారాష్ట్రలో నకుషా అనే పేరు పెడతారు. అక్కర్లేనిది అని అర్థం. 2011 అక్టోబరులో సతారా జిల్లాలో ఆ పేరున్న 280 మందికి పైగా ఆడపిల్లలకు సభ పెట్టి కొత్త పేర్లు ఇచ్చారు. తమిళనాడులో వేండాం అనే పేరుంది, వద్దు అని అర్థం. హర్యానాలో భతేరీ ఉంది, ఇక చాలు అని అర్థం. ఆ పేర్లు దయ్యాన్ని మోసం చేయడానికి పెట్టినవి కావు. తర్వాతి కాన్పులో మగపిల్లవాడు పుట్టాలని పెట్టినవి. నన్ను అక్కర్లేనివాణ్ణని పిలిచింది ఎంతో కావలసినవాణ్ణి కాబట్టి. ఆ పిల్లల్ని అక్కర్లేనివాళ్ళని పిలిచింది నిజంగానే అక్కర్లేదు కాబట్టి. పైకి రెండు పేర్లూ ఒకే జాతివిలా కనిపిస్తాయి. అందుకే పేరుకు నిఘంటువులో అర్థం వెతికితే చాలదు. ఎవరు, ఎవరికి, ఎందుకు పెట్టారో అడగాలి.

సరే, అసలు ప్రశ్నకు వద్దాం. పెంటయ్య బతికాడు కదా? ముందు ఇద్దరూ పోయారు, పెంట మీద వేసినవాడు దక్కాడు. ఇంతకంటే రుజువేం కావాలి? మా ఊరి వాళ్ళు ఇప్పటికీ అడిగే ప్రశ్న ఇది. మనవాళ్ళు చాలామంది దీన్ని నవ్వి తోసేస్తారు. నవ్వడం జవాబు కాదు.

మొదటి జవాబు మా ఇంట్లోనే ఉంది. మా అక్క. ఇద్దరు పోయిన మగపిల్లల మధ్య పుట్టింది. ఆమెను ఎవరూ పెంట మీద వేయలేదు, తవుడుకు కొనలేదు. శుభ్రంగా లక్ష్మి అని పేరు పెట్టారు. అంత మంచి పేరున్నా ఏ దయ్యమూ ఆమె జోలికి రాలేదు. మనవరాళ్ళను ఎత్తుకుంది. పెంట వైద్యం వల్ల నేను బతికానంటే ఆ వైద్యం లేకుండా అక్క ఎలా బతికిందో కూడా చెప్పాలి కదా! ఆ ప్రశ్న మా ఇంట్లో ఎవరికీ రాలేదు. ఆడపిల్ల బతకడానికి కారణం వెతకాలని ఎవరూ అనుకోలేదు.

రెండో జవాబు మా ఊరి ముసలమ్మ ఒకావిడ ఇచ్చింది. ఆవిడ కొడుకు కూడా పెంటయ్యే, నాకంటే పెద్దవాడు. కొత్తగా సంఘంలో చేరిన రోజుల్లో ఆవిడను కూర్చోబెట్టి అడిగాను. ఆ పేరు వల్లే మీవాడు బతికాడా అని. ఆవిడ తాపీగా చెప్పింది. "ముగ్గురు పెంటయ్యల్ని కన్నాను బాబూ. ఇద్దరు మట్టిలోకి ఎల్లిపోనారు. ఈడు మూడోవోడు."

ఆ మాట విన్నాక నాకు ఒక పెద్ద తలుపు తెరుచుకున్నట్టయింది. మనం రోడ్డు మీద చూసే పెంటయ్యలందరూ బతికినవాళ్ళే. చచ్చిపోయిన పెంటయ్యలు కల్లు పాక దగ్గర కూర్చుని "మా పేరు పనిచేయలేదు" అని చెప్పరు. నలుగురు పెంటయ్యల్లో ఒకడు పోయినా మిగతా ముగ్గురు ఊళ్ళో తిరుగుతూ ఆ నమ్మకానికి సాక్ష్యం చెబుతారు. పోయినవాడి సాక్ష్యం వాడితోనే పోతుంది. మరాఠీ వాళ్ళ ధోండో కేశవ్ కర్వే 1858లో పుట్టి 1962 దాకా 104 ఏళ్ళు బతికాడు. స్త్రీవిద్యకు జీవితం ధారపోసి భారతరత్న అందుకున్నాడు. రాయి అని పేరు పెడితే రాయిలా బతికాడు చూడండి అనొచ్చు. ఏడో రోజున పోయిన ధోండోల పేర్లు ఏ పుస్తకంలోనూ ఉండవు. జాతకాలకు, తాయెత్తులకు, మొక్కులకు కూడా ఇదే లెక్క. ఓడినవాళ్ళ లెక్క అడగకుండా గెలిచినవాళ్ళను మాత్రం చూపిస్తే ఏదైనా రుజువైపోతుంది.

మరి మా అన్నలిద్దరూ ఎందుకు పోయారు? అమ్మ చెప్పిన లక్షణాలు ఇవి. మొదటి కొన్ని రోజులు బాగానే పాలు తాగారు. తర్వాత నోరు తెరవలేకపోయారు. చనుమొన నోట పట్టలేదు. దవడ బిగుసుకుపోయింది. ముట్టుకుంటే చాలు, ఒళ్ళంతా విల్లులా వంగిపోయేది. ఒకటి రెండు రోజుల్లో ప్రాణం పోయింది. పక్షిదోషం అన్నారు, బాలగ్రహం అన్నారు. నేను సైన్సు మాస్టారిని. ఆ లక్షణాలు వింటే ఏ సైన్సు మాస్టారికైనా తెలిసిపోతుంది. ధనుర్వాతం. ఒళ్ళు ధనుస్సులా వంగుతుందని ఆ పేరు. రోగం పేరు పెట్టినవాడు మాత్రం కళ్ళతో చూసిందే పెట్టాడు.

ఆ క్రిమిని 1889లో కిటసాటో అనే జపాన్ శాస్త్రవేత్త బెర్లిన్లో వేరు చేసి చూపించాడు. దాని బీజాలు మట్టిలో, పశువుల పేడలో ఏళ్ళ తరబడి బతికుంటాయి. తుప్పు కొడవలితోనో, వెదురు బద్దతోనో బొడ్డు కోస్తే, కోసిన చోట పేడో, పిడకల బూడిదో అద్దితే పచ్చి పుండులోకి నేరుగా వెళతాయి. మా ఊళ్ళో మంత్రసాని కొడవలితోనే కోసేది. బొడ్డు త్వరగా ఎండాలని పిడకల బూడిద అద్దేవారు.

అంటే చూడండి. పిల్లల్ని చంపిన క్రిమి ఇల్లు పెంటకుప్ప. పిల్లవాణ్ణి దాని నుంచి కాపాడటానికి మామ్మ తీసుకెళ్ళింది ఆ పెంటకుప్ప మీదికే. నేను పెంట వల్ల బతకలేదు. పెంట మీద వేసినా బతికాను.

ఎలా బతికాను? ఇద్దరు కొడుకులు పోయాక నాన్నకు భయం పట్టుకుంది. అమ్మకు నొప్పులు మొదలవగానే సైకిలేసుకుని వెళ్ళి ప్రభుత్వ ఆరోగ్య కేంద్రం నుంచి నర్సమ్మను వెనక కూర్చోబెట్టుకుని తెచ్చాడు. ఆమె రేకు పెట్టెతో వచ్చింది. కత్తెర, దారం నీళ్ళలో వేసి మరగబెట్టింది. బొడ్డు కోసి, కట్టి, శుభ్రమైన గుడ్డ చుట్టింది. బూడిద గిన్నె ముందుకు జరిపిన మామ్మను వద్దని ఆపింది. గుడ్డ విప్పితే ఊరుకోనని కూడా చెప్పిందట. మామ్మకు కోపం వచ్చినా గుడ్డ జోలికి పోలేదు. మూడో రోజున ఆ గుడ్డతోనే నన్ను పెంట మీద పెట్టింది.

ఇక్కడ ఒక మాట ఒప్పుకోవాలి. నర్సమ్మ కత్తెర వల్లే నేను బతికానని నా ఒక్కడి కథతో తేల్చేస్తే నాకూ మా మామ్మకూ తేడా లేదు. అక్క కొడవలి కోతతోనే బతికింది కదా. ఒక్క పిల్లవాడితో ఏదీ రుజువు కాదు. రుజువు కావాలంటే లక్షల పిల్లల్ని చూడాలి. మన దేశం ఆ పని చేసింది. 1978లో విస్తృత టీకా కార్యక్రమం, 1985లో సార్వత్రిక టీకా కార్యక్రమం మొదలయ్యాయి. గర్భిణులకు టీటీ సూది ఊరూరా వచ్చింది. కాన్పులు ఆసుపత్రులకు మారాయి. అప్పటి ఆంధ్రప్రదేశ్‌లో పురిటి ధనుర్వాతం అదుపులోకి వచ్చిందని 2003 సర్వేలో తేలింది. 2015లో ప్రపంచ ఆరోగ్య సంస్థ దేశం మొత్తానికి ఆ మాట ప్రకటించింది. 1971లో మన దేశంలో పుట్టిన ప్రతి వెయ్యి మంది పిల్లల్లో 129 మంది ఏడాది నిండకుండానే పోయేవారు. 2023లో ఆ సంఖ్య 25. ఆ తేడాలో ఏ పేరుకూ భాగం లేదు. అన్ని పేర్ల పిల్లలూ బతికారు.

ఇదంతా నాకు ఇప్పుడు ఇంత నిదానంగా తెలుసు. పాతికేళ్ళ వయసులో ఇంత నిదానం లేదు. తర్వాతి సంగతి రాయడం కష్టంగానే ఉంది.

1983లో మన సంఘం మిత్రులు నలుగురు మా ఊరొచ్చారు. అరచేతిలో కర్పూరం వెలిగించడం, నాలుకకు శూలం గుచ్చుకోవడం లాంటివి చేసి చూపించి, బాబాల గుట్టు విప్పాం. రాత్రి మా ఇంట్లో భోజనాలు. అమ్మ వడ్డిస్తోంది. ఒక మిత్రుడు నా పేరు గురించి అడిగాడు. నేను ఉత్సాహంగా మొదలుపెట్టాను. మా ఇంటి అజ్ఞానమంతా కథలా చెప్పాను. అందరూ నవ్వుతున్నారు. చివర్లో అన్నాను, "మా అన్నల్ని చంపింది దయ్యం కాదు, మా ఇంటివాళ్ళే. బొడ్డు మీద బూడిద అద్ది చంపారు" అని.

అమ్మ చేతిలో గరిటె ఆగిపోయింది. ఏమీ అనలేదు. మిత్రులు పడుకున్నాక వంటింట్లోకి పిలిచింది. ఏడవలేదు. మెల్లగా అడిగింది. "అయితే నా పిల్లల్ని నానే సంపీసుకున్నానేటిరా? మంత్రసాని మొదటి రోజే ఎల్లిపోనాది. ఆ బూడిద పూటపూటా అద్దింది నానే కదా."

నాకు నోట మాట రాలేదు. ముప్ఫై ఏళ్ళుగా ఆమె దయ్యాన్ని తిట్టుకుని, గ్రహాన్ని తిట్టుకుని బతికింది. నేను ఒక్క వాక్యంతో ఆ దయ్యాన్ని తీసేశాను. దాని స్థానంలో ఆమెను నిలబెట్టాను. నేను చెప్పినది నిజమే. కాని నిజాన్ని నలుగురి ముందు గొప్ప కోసం చెప్పాను. అమ్మకు తెలియాలని చెప్పలేదు.

మర్నాటి నుంచి అమ్మ నన్ను పెంటయ్య అని పిలవడం మానేసింది. అప్పటిదాకా ఒరే పెంటా అనేది. ఆ తర్వాత ప్రసాదూ అంది, పరాయివాళ్ళు పిలిచినట్టు. 22 ఏళ్ళు అలాగే పిలిచింది.

2005లో అక్క కూతురు కడుపుతో మా ఇంటికి వచ్చింది. వీధిలో తిరిగే ఆరోగ్య కార్యకర్త వచ్చి సూది వేస్తుంటే అమ్మ అరుగు మీద కూర్చుని చూస్తోంది. ఆ సూది ఏటికమ్మా అని అడిగింది. "ధనుర్వాతం రాకుండా మామ్మా, తల్లికీ బిడ్డకీ" అని ఆ అమ్మాయి చెప్పింది. ఆ రాత్రి అమ్మ నన్ను పిలిచి, అదేదో మళ్ళీ చెప్పమంది.

ఈసారి పక్కన కూర్చుని చెప్పాను. ఆ క్రిమి కంటికి కనబడదని, 1951లో మా ఊళ్ళో ఒక్కరికీ దాని సంగతి తెలియదని, ఆ సూది అప్పటికి మా పల్లె దాకా రాలేదని, బూడిద అద్దింది పుండు ఎండాలనే ప్రేమతోనే గాని మరో ఉద్దేశంతో కాదని చెప్పాను. తెలియకపోవడం నేరం కాదమ్మా, తెలిసి చెప్పడం చేతకాని నాదే తప్పు అన్నాను. ఆమె చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత నేను అసలు ఊహించని మాట అంది.

"పెంట పేరెట్టినాం. తవుడిచ్చిన ఆవిడకి సీర కూడా ఎట్టినాం. ఆ నర్సమ్మ పేరేటో మాత్రం అడగనేదురా, పెంటా."

మరుసటి ఏడాది అమ్మ పోయింది. ఆ నర్సమ్మ పేరు కోసం నేను ఆరోగ్య కేంద్రంలో వాకబు చేశాను. 1958 నాటి రిజిస్టర్లు ఏవీ మిగల్లేదు. సైకిలు మీద తెచ్చిన నాన్న అప్పటికే లేడు. ఆమె ఎవరో, ఏ ఊరిదో, ఎన్ని పల్లెల్లో ఎన్ని కత్తెరలు మరగబెట్టిందో చెప్పేవాళ్ళు లేరు.

ఇప్పుడు మా ఊళ్ళో కొత్తగా పుట్టిన పెంటయ్య ఒక్కడూ లేడు. మేం ఉపన్యాసాలు ఇచ్చినందుకు ఆ పేరు పోలేదు. పిల్లలు చచ్చిపోవడం తగ్గాక తల్లుల భయం తగ్గింది, భయం తగ్గాక పేరు పోయింది. మన సంఘాలు నేర్చుకోవలసిన పాఠం ఇందులో ఉందనిపిస్తుంది. నమ్మకాన్ని వాదనతో కదిలించవచ్చు. దాని కింద ఉన్న భయాన్ని మాత్రం సూది, కత్తెర, మంచినీళ్ళు, దగ్గర్లో ఆసుపత్రి లాంటివే తీసేస్తాయి.

అయితే భయం పూర్తిగా పోలేదు, చిరునామా మార్చుకుంది. నాలుగేళ్ళ కిందట నాకు మనవరాలు పుట్టింది. నా కొడుకు, కోడలు ఇద్దరూ సాఫ్ట్‌వేర్ ఉద్యోగులు. పిల్ల పేరులో ఇంగ్లీషు అక్షరం ఏ ఇంకొకటి కలపాలని న్యూమరాలజీ ఆయన చెప్పాడట. ఫీజు కూడా తీసుకున్నాడు. నేను ఒకే ఒక్క ప్రశ్న వేశాను. "తెలుగులో రాస్తే ఆ అదనపు అక్షరం ఎక్కడా కనబడదు కదా. మరి తెలుగులో పిలిచినప్పుడు అదృష్టం పనిచేస్తుందా, చేయదా?" అని. కొడుకు నవ్వాడు. కోడలు నవ్వలేదు. రెండు రోజులు ఐసీయూలో ఉండి వచ్చిన బిడ్డ అది. ఆమె ముఖంలో నాకు మా మామ్మ కనిపించింది, చేట పట్టుకుని చీకట్లో పెరట్లోకి వెళుతున్న మామ్మ.

1983 నాటి నేనైతే అక్కడే వాదనకు దిగేవాణ్ణి. ఈసారి టీకాల కార్డు తెమ్మన్నాను. బీసీజీ, పోలియో, హెపటైటిస్ బి పడ్డాయా అని చూశాను. అన్నీ పడ్డాయి. తర్వాతి తేదీలు క్యాలెండరు మీద గుర్తు పెట్టాను. ఆ తర్వాత కోడలికి ఈ కథ మొత్తం చెప్పాను, అమ్మ వంటింట్లో అడిగిన మాటతో సహా. అదనపు అక్షరం ఉంచుకుంటుందో తీసేస్తుందో ఆమె ఇష్టానికి వదిలేశాను. ఉంచుకుంది. పేరు ఎలా ఉన్నా టీకాలు మాత్రం ఒక్కటీ తప్పలేదు.

యువ మిత్రుడి ప్రశ్నకు నా జవాబు ఇది. ఈ పేరు ఒక మూఢనమ్మకం గుర్తు, నిజమే. దాన్ని చెరిపేస్తే నమ్మకం చెరిగిపోదు. ఒక పల్లెలో పిల్లలు ఎలా పోయారో, ఎలా బతికారో చెప్పే ఆధారం మాత్రం పోతుంది. పైగా మా అమ్మ 22 ఏళ్ళ తర్వాత నాకు తిరిగి ఇచ్చిన పేరు అది. నేను దాచుకోను.

నీకు ఈ పేరు ఎందుకు పెట్టారని ఎవరైనా అడిగితే ఇప్పుడు పెంటకుప్ప దగ్గర మొదలుపెట్టడం లేదు. మా నాన్న సైకిలు వెనక రేకు పెట్టె ఒళ్ళో పెట్టుకుని కూర్చున్న ఒక నర్సమ్మ దగ్గర మొదలుపెడుతున్నాను.